పగటిపూట దయ్యాలు తీసిన మనిషి

పొద్దున్నే ఫోన్ తెరిస్తే ఆయన ఫొటో. గడ్డం కింద టార్చిలైటు పెట్టుకుని, ముఖంలో సగం నీడ పడేట్టు తీయించుకున్న ఫొటో. దాని కింద చేతులు జోడించిన బొమ్మలు, కన్నీటి బొమ్మలు, "అంతుచిక్కని రహస్యాల అన్వేషకుడు ఇక లేరు" అని పెద్ద అక్షరాలు. నిజామాబాద్‌లో నాకు తెలిసినవాళ్ళలో సగం మంది దాన్నే ఒకరికొకరు పంపుకుంటున్నారు.

ఎట్లా పోయాడని మా ఆయన్ను అడిగాను. కుర్చీలో కూర్చుని టీవీ చూస్తుండగా గుండె ఆగిందట. నాకు నవ్వొచ్చింది. ఎవరైనా పోయారని వింటే ఈ ఫొటోలో మనిషి మొదట అడిగే మాట అదే. "ఎట్ల పోయిండు?" బీపీ అనో షుగరనో చెబితే ముఖం వాడిపోయేది. "గంతేనా" అనేవాడు. ఉరి అంటేనో, బావిలో పడ్డారంటేనో కుర్చీ ముందుకు లాక్కునేవాడు. తన చావు కబురు తనకే చెప్పినా "గంతేనా" అనేవాడేమో.

పోయినవాళ్ళ గురించి చెడ్డ మాట అనకూడదంటారు. రెండు రోజులు ప్రయత్నించాను. కుదరలేదు.

నేను సర్కారు బడిలో టీచర్ని. మా ఇంటి మేడ మీద రెండు గదులుంటే ఆయన వాటిలో అద్దెకుండేవాడు. భార్య, ఇల్లు బోధన్‌లో. ఇక్కడిది ఆఫీసనేవాడు. దయ్యాలు తిరిగే ఇళ్ళు, ఎవరూ విసరకుండా పడే రాళ్ళు, చేతబడులు, పునర్జన్మలు, ఇట్లాంటివాటి మీద డాక్యుమెంటరీలు తీసి తన చానల్‌లో పెట్టేవాడు. "అంతుచిక్కని" అనే మాట లేకుండా ఆయన సినిమాకు పేరుండేది కాదు. "నమ్ముమన్ననా అక్కా నేను? సూడుమన్న, అంతే" అని రోజుకు ఒక్కసారైనా అనేవాడు. ఆ మాట ఆయనకు గొడుగు. ఏ వానా మీద పడకుండా దాని కింద నిలబడేవాడు.

మనిషి చూడటానికి శుభ్రంగానే ఉండేవాడు. ఇస్త్రీ చొక్కా, నూనె పెట్టి దువ్విన జుట్టు. కానీ మధ్యాహ్నం అన్నం వేళకు పచ్చడికోసం మెట్లు దిగి వచ్చేవాడు. నిలబడే తినేవాడు. వేళ్ళు ఒక్కొక్కటే నాకి, ఆ చెయ్యి కడుక్కోకుండానే కెమెరా పట్టుకునేవాడు. ఆ కెమెరా పట్టీ మామిడికాయ తొక్కు వాసన కొట్టేది. ఆ పట్టీ మెడకు తగిలించుకునే చచ్చినవాళ్ళ ఇళ్ళకు వెళ్ళేవాడు.

చాయ్‌లో చక్కెర వేసుకునేవాడు కాదు. చెరుకు గానుగాడే ఊళ్ళో పుట్టినవాడికి చక్కెర వాసనంటే అసహ్యమట. "చిన్నప్పటి సంది ముక్కుల్నే ఉన్నదక్కా అది. చెరుకు మడ్డి వాసన. పీనుగు పక్కన పన్నట్టుంటది" అన్నాడొకసారి. ఆయన నోటి నుంచి నేను విన్న మాటల్లో అదొక్కటే ఎవరికోసమూ తయారుచేయనిది అనిపించింది.

అందరూ అనుకున్నట్టు ఆయన రాత్రిళ్ళు శ్మశానాల్లో తిరిగేవాడు కాదు. రాత్రి తొమ్మిదింటికల్లా పడుకునేవాడు. దయ్యాలన్నిటినీ పగలే తీసేవాడు. ఎండలో తీసుకొచ్చి, మేడ మీద కంప్యూటర్‌లో చీకటి చేసేవాడు. తుమ్మచెట్టు మీద ఎండ మెల్లగా నీలంగా మారి, నల్లబడి, కొమ్మలు ఎముకల్లాగా తేలడం నా కళ్ళతో చూశాను. "సూడక్కా, అమాస" అన్నాడు. బైక్ హ్యాండిల్‌కు మాత్రం నిమ్మకాయ, మిరపకాయలు కట్టుకునేవాడు. అదేమిటని అడిగితే, "మా ఇంటామె కడ్తది" అన్నాడు.

ఆయన్ను అసహ్యించుకోవడం నేను మొదలుపెట్టిన రోజు నాకు బాగా గుర్తు. ముప్కాల్ వైపు నుంచి ఒకామెను తీసుకొచ్చాడు. ఆమె భర్త కాలువలో పడి పోయాడట. అప్పటినుంచి ఇంట్లో ఎవరో నడుస్తున్నట్టు ఆమెకు వినిపిస్తుందట. ఎండాకాలం. నేను మంచినీళ్ళు తీసుకుని పైకి వెళ్ళాను. తలుపులు మూసి, ఫ్యాను ఆపి, ఆమెను గోడకు ఆనించి కూర్చోబెట్టాడు. ఫ్యాను శబ్దం రికార్డవుతుందట. ఆమె ముఖమంతా చెమట. నా చేతిలో గ్లాసు చూడగానే ఆమె చెయ్యి చాచింది.

ఆయన మధ్యలో వచ్చి గ్లాసు తీసుకున్నాడు. కిటికీలో పెట్టాడు.

"ఇప్పుడు తాగకమ్మా. గొంతు ఎండితెనే మంచిగుంటది. అయిపోయినంక కడుపునిండ తాగుదువు" అన్నాడు. ఎంతో మెత్తగా, ప్రేమగా అన్నాడు. ఆమె తలూపింది. తర్వాత ఆ సినిమాలో చూశాను. చెమట భయంలాగా కనిపించింది. ఎండిన గొంతు దుఃఖంలాగా వినిపించింది.

ఆ సాయంత్రం అడిగాను, ఇట్లాంటి పని ఎందుకు చేస్తారని. ఆయనకు కోపం రాలేదు. మెట్టు మీద కూర్చుని, మొదటి సినిమా సంగతి చెప్పాడు. చెరుకు తోటల్లో కనిపించే దీపాల మీద తీశాడట. ఊళ్ళవాళ్ళు కొరివి దయ్యాలన్నారు. ఈయన అక్కడే మకాం వేసి కూర్చుంటే, అవి అడవిపందులను కొట్టడానికి తిరిగేవాళ్ళ లైట్లని తేలింది. అట్లాగే చూపించాడు. "నిజం చెప్పిన. మా ఇంటోళ్ళు సుత సూడలేదక్కా. గదే దీపాలు ఎక్కడ్నుంచి వస్తున్నయో తెల్వదని మల్ల కట్ చేసి పెట్టిన. ఇగ సూడు, జనం ఎగవడి సూసిన్రు." అట్లా అంటూ అరచేతులు రెండూ తెరిచి చూపించాడు, దోషమంతా చూసేవాళ్ళదే అన్నట్టు.

ఆయన మెట్ల మీద ఎక్కువగా కూర్చునేవాడు. గాలి కోసం అనుకున్నాను. మా ఇంట్లో మాటలు వినడానికని తర్వాత తెలిసింది.

మా పెద్దవ్వ, అంటే మా అమ్మకు అక్క, బోధన్ దాటినాక చెరుకు తోటల మధ్య ఒక ఊళ్ళో ఉండేది. పిల్లల్లేరు. ఆమె భర్త పెద్దబాపు పోయాక రెండు మేకలతో ఒక్కతే ఉండేది. బడి సెలవులన్నీ నేను ఆమె దగ్గరే గడిపాను. ఒకరోజు ఫోన్ చేసి, తన పక్కింట్లో బట్టలు వాటంతటవే అంటుకుంటున్నాయని చెప్పింది. దండెం మీద చీర, మూటలో ధోతి, గూట్లో రుమాలు. ఎవరూ దగ్గర లేనప్పుడు భగ్గుమంటాయట. ఆమెకు సరిగా వినపడదు, నేను గట్టిగా అరిచి మాట్లాడాలి. "బట్టలు కాలుడేంది పెద్దవ్వా" అని నేను అరిచినప్పుడు ఆయన మెట్ల మీదే ఉన్నాడు.

మర్నాడు బడి నుంచి వచ్చేసరికి బైక్ లేదు. ఆయన ఆ ఊళ్ళో ఉన్నాడు.

మూడు నాలుగు సార్లు వెళ్ళాడు. ఆ ఇంట్లో తండ్రి, కొడుకు, కోడలు ఉండేవాళ్ళు. కోడలు చిన్న పిల్ల, బీడీలు చుట్టేది. చంకలో ఏడాది కూడా నిండని కొడుకు. ఇంటివాళ్ళు ఈయన అడిగినవాటికి జవాబులు చెప్పారు గానీ అన్నం పెట్టలేదు. పెట్టింది మా పెద్దవ్వ. "నీ ఇంటి మీద ఉండే పిలగాడట గదా" అని ఫోన్లో నాతో సంబరంగా చెప్పింది. జొన్నరొట్టె, పచ్చిమిర్చి కారం చేసి పెట్టిందట. నలభై దాటిన మనిషిని పిలగాడంది.

ఆ సినిమా వచ్చాక మా ఆయన ఫోన్లో చూశాం. కాలిన బట్టలు, ఏడుస్తున్న ఇంటివాళ్ళు, ఆయన గొంతు. ఆ తర్వాత పెద్దవ్వ. మేకలకోసం సుబాబుల్ ఆకు తెంపుకుని ఒడిలో వేసుకుంటోంది. అది పగలు తీసిందని నాకు తెలుసు. ఫోన్లో మాత్రం కారుచీకటి. ఆమె చెయ్యి కొమ్మ మీదికి మెల్లగా, ఎంతో మెల్లగా పాకుతోంది. వెనక డప్పు చప్పుడు. ఆయన గొంతు అడుగుతోంది: "ఊరంతా నిద్రపోతున్న వేళ ఈమె ఏ ఆకులు ఏరుకుంటోంది? ఎవరికోసం?"

నేను పైకి పరిగెత్తి, తీసెయ్యమన్నాను. "పేరు చెప్పలే గదక్కా" అన్నాడు. "ఒక్క మాట కూడ చెడ్డగ అనలే. ప్రశ్న అడిగిన. ప్రశ్న అడుగొద్దా?" గట్టిగా అరిచాను. సరే, రేపు తీసేస్తానన్నాడు. తీయలేదు.

ఆ వారంలోనే ఆ ఇంట్లో మళ్ళీ ఒక చీర కాలింది. పెద్దవ్వ వాడకట్టులో ఒకామె నాకు ఫోన్ చేసి, "జల్ది రా బిడ్డా, మంత్రాలు జేస్తదని మీ పెద్దవ్వను గుంజుకపోయిన్రు" అంది. మేము స్కూటర్ మీద వెళ్ళేసరికి మిట్టమధ్యాహ్నం. పంచాయతీ ఆఫీసు ముందు జనం. కొందరు చెరుకు కొట్టే కత్తులు చేతుల్లో పట్టుకునే తోటల నుంచి వచ్చేసినట్టున్నారు. మధ్యలో నేల మీద పెద్దవ్వ కూర్చుని ఉంది. జుట్టు ముడి ఊడిపోయి ఉంది. రవిక ముందంతా తడి. పక్కన ఇత్తడి చెంబు. చెప్పులు కడిగిన నీళ్ళు తాగించారు. ఆ నీళ్ళు తాగితే మంత్రం పోతుందట. ఎవరి చెప్పులు అని నేను ఇప్పటిదాకా అడగలేదు. ఆమె చెప్పలేదు.

జనం ఊరికే నిలబడి ఉన్నారు. చెయ్యాల్సింది చేసేశారు, ఇక ఏం చెయ్యాలో తెలియనట్టు. కొందరు నన్ను చూసి ముఖాలు తిప్పుకున్నారు. నేను జనాన్ని తోసుకుని ముందుకు వెళ్తుంటే పక్కనుంచి ఒక గొంతు, "అక్కా, జర పక్కకు జరుగు, అడ్డమొస్తున్నవ్" అంది.

ఆయనే. మోకాళ్ళ మీద కూర్చుని, కెమెరా కంటికి ఆనించుకుని ఉన్నాడు.

నేను ఇంకా అక్కడికి చేరకముందే ఆయన పెద్దవ్వతో అన్నాడు. అదే మెత్తని గొంతుతో. "అవ్వా, గా చెంబు మల్లొక్కసారి నోటికాడ వెట్టుకుంటవా? తాగకు. ఊకెనే వెట్టుకో. ఇందాక నాకు మంచిగ రాలే."

పెద్దవ్వ ఆయన వైపు చూసింది. తన ఇంట్లో రొట్టె తిన్న మనిషి. చెంబు అందుకుని పైకెత్తింది. ఎవరేది చెబితే అది చేస్తే తొందరగా అయిపోతుందని అనుకుందో, లేక తెలిసిన మనిషి అడిగాడని ఎత్తిందో. నేను వెళ్ళి ఆ చెంబును చేత్తో కొట్టాను. అది దొర్లుకుంటూ పోయి జనం కాళ్ళ దగ్గర ఆగింది. ఎవరూ దాన్ని ముట్టుకోలేదు. ఆయన కెమెరా దాని వెంటే తిరగడం కూడా చూశాను.

మా ఆయన పోలీసులకు ఫోన్ చేశాడు. వాళ్ళొచ్చి నలుగురిని తీసుకెళ్ళారు. కేసు రాశారు. తర్వాత ఊరి పెద్దలు మా ఇంటికొచ్చి, కేసు వద్దని పెద్దవ్వ కాళ్ళ మీద పడ్డారు. ఆమె వాళ్ళ తలల మీదుగా గోడవైపు చూస్తూ, "పోండ్రి. మీ పిల్లలున్నరు. పోండ్రి" అంది. ఆమె మళ్ళీ ఆ ఊరికి వెళ్ళలేదు. మా ఇంట్లోనే ఉండిపోయింది. చాలాకాలం ఎవరు గ్లాసుతో నీళ్ళిచ్చినా తాగేది కాదు. తనే వెళ్ళి నల్లా తిప్పి దోసిలి పట్టి తాగేది.

ఆయన్ను ఆ గొడవ జరిగిన రోజే ఖాళీ చెయ్యమన్నాను. సామాను సర్దుకుంటూ, మేము బయటకు పంపుతున్నామన్న బాధ ఏమీ లేకుండా, కంప్యూటర్ తెరిచి "ఒక్కటి సూడక్కా" అన్నాడు. నాకు చూడాలని లేదు. కానీ చూశాను.

ఆ ఇంటి వసారాలో గుట్టుగా పెట్టిన కెమెరా తీసింది. పట్టపగలు. కోడలు ఒళ్ళో చాట పెట్టుకుని బీడీలు చుడుతోంది. అటూ ఇటూ చూసింది. లేచి వెళ్ళి, దండెం మీద చీర కొంగుకు అగ్గిపుల్ల గీసి అంటించింది. మళ్ళీ వచ్చి కూర్చుంది. చాట ఒళ్ళోకి తీసుకుంది. ఒక ఆకు కత్తిరించి, తంబాకు పోసి, బీడీ చుట్టి దారం కట్టింది. అప్పుడు అరిచింది.

"మొదటిరోజే దొరికింది నాకు" అన్నాడు.

"తెలిసి కూడా పెద్దవ్వను చూపించినవా?"

"ఆ పిల్లను చూపిస్తే సంపుతరక్కా. నీకు తెల్వదా మన ఊర్ల సంగతి? ముసలామె, ఒక్కతే ఉంటది, ఎవ్వలేమంటరు, ఊకుంటరనుకున్న."

"ఇద్దరినీ చూపించకుండ ఉండొచ్చు గదా."

ఆయన నా వైపు జాలిగా చూశాడు. బడిలో లెక్క రాని పిల్లల వైపు నేను చూసినట్టు. "గప్పుడు కథేమున్నదక్కా?"

ఆ పిల్లను కాపాడాలనే చేశాడేమో అని తర్వాత చాలాసార్లు నాకు నేను చెప్పుకోబోయాను. ఆ మాట చెప్పినప్పుడు ఆయన గొంతులో అబద్ధం లేదు. కానీ కథేమున్నదన్న రెండో మాట ఇంకా తేలిగ్గా, వెతుక్కోకుండా వచ్చింది. నా ఆలోచన ప్రతిసారీ అక్కడికొచ్చి ఆగిపోయేది. ఆ రోజు ఆయన ఖాళీ చేసిన గదుల్లో గోడలకు సున్నం వేయించినా, చాలా రోజులు నేను పైకి వెళ్ళలేకపోయాను.

కొన్నేళ్ళు గడిచాయి. పోయిన చలికాలం ఒక ఆదివారం మధ్యాహ్నం తలుపు తీస్తే ఎదురుగా ఆయన. జుట్టు పలచబడింది. చేతిలో అరటిపళ్ళ సంచి. లోపలికి రమ్మనకుండానే వచ్చి, పెద్దవ్వ కాళ్ళకు మొక్కి, ఆమె మంచం పక్కన కింద కూర్చున్నాడు. పెద్దవ్వ గుర్తుపట్టింది. "తిన్నవా" అని అడిగింది. నాకు ఒళ్ళు మండింది. లేదన్నాడు. ఆమే లేచి గోడ పట్టుకుంటూ వెళ్ళి అన్నం, పప్పు పెట్టుకొచ్చింది. కింద కూర్చునే తిన్నాడు. ఈసారి చెయ్యి కడుక్కున్నాడు.

అప్పుడు చెప్పాడు. ఇప్పుడు జనం మారారట. దయ్యాల సినిమాలకంటే, దయ్యాలు లేవని గుట్టు విప్పే సినిమాలే ఎక్కువ చూస్తున్నారట. ఆ బట్టల సంగతి అసలు నిజంతో మళ్ళీ తీస్తాడట. కోడలు నిప్పు పెట్టడం అందులో ఉంటుంది, పెద్దవ్వ మాట్లాడుతుంది.

"నీ మీద వడ్డ మచ్చ పోతదవ్వా. ఊరంత సూస్తది. తప్పు జేసినమని ఏడుస్తరు" అన్నాడు.

నేను పెద్దవ్వ వైపు చూశాను. ఆ మాట నాక్కూడా తగిలింది. ఊళ్ళో ఆమె ఇల్లు కూలిపోతోంది. ఆమె పేరు చెప్పి ఇప్పటికీ పిల్లలను భయపెడతారని విన్నాను. నిజం ఒకటి ఈ మనిషి దగ్గర ఉంది. ఎంత మురికి చేతుల్లో ఉన్నా అది నిజమే.

పెద్దవ్వకు వినపడలేదేమోనని ఆయన మళ్ళీ గట్టిగా చెప్పబోయాడు. ఆమె చెయ్యెత్తి ఆపింది.

"ఆ పోరి వెట్టిందని నాకెరుకనే" అంది. "దండెం అవతల నా మేకలు కట్టేస్తుంటి. రెండుమాట్ల సూసిన."

ఆయన నోరు తెరిచాడు. నేనూ.

"దాని మొగడు తాగొచ్చి సావగొడుతుండె. బట్టలంటుకున్న దినం ఇంట్ల ఏందో ఉన్నదని బుగులువడి, తండ్రీకొడుకులు బైట మంచాలేసుకుని పంటుండిరి. ఆ ఒక్క దినం దానికి దెబ్బలు లేకుండె. గందుకు పెట్టేది."

"మరి నిన్ను గుంజుకపోయిన్నాడన్న ఎందుకు చెప్పలే అవ్వా?" అన్నాడు ఆయన.

"చెప్తే ఆ నీళ్ళు దానికి తాపుదురు. ఇంకేం జేద్దురో. సంకల పిలగాడు. నాకు ఎవలున్నరు? నేను తాగిన. అయిపాయె. ఇప్పుడది మొగన్ని ఇడిసిపెట్టి తల్లిగారింటికాడ బతుకుతున్నదట. దాన్ని ఆగం జెయ్యకు నాయినా."

ఆయన తల వంచుకున్నాడు. భుజాలు కుంగాయి. కళ్ళు తుడుచుకున్నాడు కూడా. ఈ మనిషికి ఎక్కడో ఏదో తగిలింది, ఇన్నాళ్ళకు తగిలింది అనుకున్నాను. ఆ క్షణంలో నాకు ఆయన మీద ఉన్న రోత కొంచెం కదిలింది కూడా.

ఆయన తలెత్తాడు. కళ్ళు నిజంగానే తడిగా ఉన్నాయి. మెరుస్తున్నాయి.

"అవ్వా" అన్నాడు, "గిదే మాట, గిట్లనే, కెమెరా ముంగట చెప్తవా? జర ఆగి ఆగి చెప్తె సాలు."

నేను చెయ్యి పట్టుకుని లేపాను. బయటికి నడిపించాను. కొట్టలేదు, తిట్టలేదు. గుమ్మం దగ్గర చెప్పులు వేసుకుంటూ, "నువ్వు కోపానికొస్తవ్ గానీ అక్కా, ఆమె చెప్పకున్నా ఆ పిల్ల వీడియో అయితే నాదే గద" అన్నాడు. బెదిరింపు కాదు. తన బండి గురించో, చొక్కా గురించో చెప్పినట్టు చెప్పాడు. లోపలికొచ్చి ఆయన తిన్న పళ్ళెం బయట పారెయ్యబోతే పెద్దవ్వ లాక్కుంది. తోమి గూట్లో పెట్టింది. "పల్లెమేం జేసిందే" అంది.

ఆ నిజం సినిమా రాలేదు. గుండె ఆగింది. ఆయన పోయిన మూడో రోజున ఆయన దగ్గర పని నేర్చుకున్న శిష్యులు చానల్‌లో పెట్టారు, ఆయన జ్ఞాపకంగా ఇంతవరకూ ఎవరూ చూడని రికార్డింగులన్నీ ఒక్కొక్కటే విడుదల చేస్తామని. నేను ఆ మాట పెద్దవ్వకు చదివి వినిపించాను. ఆమె మంచం దిగి, "బోధన్ పోదాం పా" అంది. ఆమెను రావద్దని చెప్పి, మర్నాడు నేనొక్కదాన్నే వెళ్ళాను.

ఆయన భార్యను అదే మొదటిసారి చూడటం. సన్నగా, పొడుగ్గా ఉంది. వసారాలో అప్పటికే ఒక పెద్దమనిషి, ఆయన పక్కన ముఖానికి కొంగు కప్పుకున్న కూతురు కూర్చుని ఉన్నారు. వేల్పూరు నుంచి వచ్చారట. నేను పరామర్శ మాటలు రెండు మాట్లాడి, ఎట్లా అడగాలో తెలియక నసుగుతుంటే ఆమే అడిగింది.

"మీదేంది? మిమ్మల్ని తీసిండా, మీ ఇంటోళ్ళనా?"

నాకు అర్థం కాలేదు.

"నిన్నటి సంది గిట్లనే వస్తున్నరు. ఏడ్వనీకి ఎవ్వలు రాలే. మాది తీసెయ్యి, మా బిడ్డది తీసెయ్యి అనుకుంటొస్తున్నరు. వీళ్ళు సుత గందుకే వచ్చిన్రు." వేల్పూరు పెద్దమనిషి తల దించుకున్నాడు.

పెద్దవ్వ సంగతి, ఆ కోడలి సంగతి ఆమెకు చెప్పాను. పూర్తిగా విన్నది. లేచి మా ముగ్గురినీ ఇంటి వెనక్కి రమ్మంది. స్నానాల గది పక్కన నీలం ప్లాస్టిక్ డ్రమ్ము ఉంది. మూత మీద రాయి. రాయి దించి మూత తీసింది. సబ్బు నురుగు తేలుతున్న నీళ్ళలో అడుగున నల్లగా, చిన్న చిన్న ఇటుకల్లాగా, ఆయన రికార్డింగులు దాచుకున్న హార్డ్ డిస్కులన్నీ ఉన్నాయి. కొన్ని సొట్టలుపడి ఉన్నాయి. కొన్ని రెండు ముక్కలై ఉన్నాయి.

"ముందుగాల రోకలితోని దంచిన" అంది. "మల్ల నీళ్ళల్ల ఏసిన. ఏదన్న మిగిలి ఉంటదేమోనని బట్టలసోడ సుత పోసిన."

వేల్పూరు నుంచి వచ్చిన అమ్మాయి కొంగు తీసి డ్రమ్ములోకి తొంగి చూసింది. అట్లాగే చూస్తూ ఉండిపోయింది.

ఎందుకు చేశారని నేను అడగలేదు. ఆమే చెప్పింది, నురుగు వైపు చూస్తూ. "మాకొక బిడ్డుండె. జరమొచ్చి పోయింది. దాన్ని ఒళ్ళె పండవెట్టుకోని ఏడుస్తున్న. ఏందో సప్పుడైతున్నదని తలెత్తి సూస్తే, ఎదురుంగ కెమెరా వట్టుకోని కూసున్నడు. ఊకె యాదికి అన్నడు. తర్వాత ఎవ్వల్దో దయ్యం వట్టిన కథల నా ఏడ్పు కలిపిండు. ముఖం కనవడలే. గొంతు నాదే." ఆమె గొంతులో ఏడుపు లేదు.

బయట బైక్ ఆగిన శబ్దమైంది. ఎవరో "వదినా" అని పిలిచారు. శిష్యులు. రికార్డింగులు తీసుకెళ్ళడానికి వచ్చారు. మేము ఒకరి ముఖాలొకరం చూసుకున్నాం. ఆమె మాత్రం తొందర పడలేదు. డ్రమ్ము మీద మూత పెట్టింది. మూత మీద రాయి పెట్టింది. తడి చేతులు చీరకు తుడుచుకుని, వాకిట్లోకి వినపడేట్టు చెప్పింది.

"అన్నీ ఉన్నయి తమ్మీ, ఎక్కడికి పోలె. రేపు రాండ్రి. ఆరవెట్టి ఇస్త."